అప్పీలు నడుస్తుండగా పార్టీ చనిపోతే వారసుల్ని రికార్డు మీదకి ఎలా తేవాలి – మొదటి నుంచి చివరి దాకా

“పెద్దకర్మ అయ్యాక చెబుదాంలే అనుకున్నామండీ, ఆ తర్వాత పనుల్లో పడి మర్చేపోయాం.” బ్రాడీపేటలో మా ప్లీడరు గారి ఆఫీసులో ఈ మాట ఎన్నిసార్లు విన్నానో చెప్పలేను. నేను గుమస్తాని, 19 ఏళ్ళ నుంచి గుంటూరు కోర్టుల చుట్టూ తిరుగుతున్నా, ఫైలింగ్ పనుల మీద విజయవాడ కోర్టులకీ నేలపాడు హైకోర్టుకీ కూడా వెళ్తుంటా. కేసు ఓడిపోతే జడ్జి గారు విన్నారు, తీర్పు చెప్పారు అని ఎలాగో మనసుకి సర్దిచెప్పుకుంటాం. కానీ పొలం కోసం పదేళ్ళు తిరిగిన మనిషి పోయాక, టైముకి ఒక పిటిషన్ పడకపోవడం వల్ల అసలు అప్పీలే లేకుండా పోతే, ఆ పిల్లల మొహాలు చూడలేం. అందుకే పోయినవాళ్ళ స్థానంలో వారసుల్ని కేసులో పార్టీలుగా చేర్చే పద్ధతి (రికార్డు మీదకి తేవడం అంటే ఇదే) నాకు తెలిసినంతా ఒకచోట రాస్తున్నా. డ్రాఫ్టు చేసేదీ వాదించేదీ ప్లీడరు గారే, కానీ ఆయన చేతికి సమాచారం ఇవ్వాల్సింది మీరు, చాలావరకు అక్కడే చెడుతుంది.

ముందు క్యాలెండర్ తియ్యండి

సివిల్ ప్రొసీజర్ కోడ్ 1908 లో ఆర్డర్ 22 (ఇక్కడ ఆర్డర్ అంటే అధ్యాయం లాంటిది) దాదాపు అంతా ఈ విషయం గురించే. వాది చనిపోతే రూల్ 3, ప్రతివాది చనిపోతే రూల్ 4. అప్పీళ్ళకి కూడా ఇవే వర్తిస్తాయని రూల్ 11 చెప్తుంది, వాది అన్నచోట అప్పీలుదారు అనీ ప్రతివాది అన్నచోట రెస్పాండెంట్ (అప్పీలులో అవతలి పక్షం) అనీ చదువుకోవాలి, అంతే. ఇక్కడ తికమక ఎక్కడొస్తుందంటే కింది కోర్టులో ప్రతివాదిగా ఉండి ఓడిపోయినాయన అప్పీలు వేస్తే ఇప్పుడాయన అప్పీలుదారు, ఆయన పోతే రూల్ 3, రూల్ 11 కలిపి వెయ్యాలి గానీ కింది కోర్టు రికార్డు చూసి రూల్ 4 అని టైప్ చెయ్యకూడదు.

గడువు లిమిటేషన్ చట్టం 1963 లో ఉంది. ఆర్టికల్ 120 కింద 90 రోజులు, అదీ చనిపోయిన తేదీ నుంచి, మీకు తెలిసిన తేదీ నుంచి కాదు. ఆ 90 రోజుల్లో పిటిషన్ పడకపోతే చనిపోయినాయన వరకు అప్పీలు అబేట్ అయిపోతుంది, అంటే దానంతటదే పడిపోయినట్టు. కోర్టు ప్రత్యేకంగా ఆర్డర్ ఇవ్వక్కర్లేదు, ఎవరూ నోటీసు పంపరు, ఇ-కోర్ట్స్ యాప్‌లో కేసు పెండింగ్ అనే చూపిస్తుంటుంది, మీరు బాగానే ఉందనుకుంటారు. అలా పడిపోయిన అప్పీలుని తిరిగి నిలబెట్టమని అడగడానికి ఆర్టికల్ 121 కింద ఇంకో 60 రోజులు. మొత్తం 150. ఆ తర్వాతైతే అదే చట్టం సెక్షన్ 5 కింద ఆలస్యాన్ని మన్నించమని కూడా అడుక్కోవాలి.

ఒక లెక్క వేసి చూపిస్తా. పార్టీ 2024 జనవరి 10న చనిపోయారనుకోండి. చనిపోయిన రోజు లెక్కలోకి రాదు, 11 నుంచి మొదలు. జనవరిలో 21, ఫిబ్రవరిలో 29 (ఆ ఏడు లీపు సంవత్సరం), మార్చిలో 31, అప్పటికి 81 అయ్యాయి, ఇంకా 9, అంటే ఏప్రిల్ 9. ఆ రోజు ఉగాది. కోర్టు సెలవు కాబట్టి కోర్టు తెరిచిన రోజున వేస్తే టైములో వేసినట్టే. అక్కడి నుంచి 60 రోజులు లెక్కేస్తే జూన్ 8, అది రెండో శనివారం. నేనైతే ఎవరైనా ఫోన్ చేసి నాన్నగారు పోయారండీ అనగానే ముందు పరామర్శ చేసి, తేదీ అడిగి, ఆఫీసులో గోడ క్యాలెండర్ మీద రెండు తేదీలు పెన్సిల్‌తో గుండ్రంగా చుడతా, కేసు కట్ట మీద కూడా రాస్తా. ఈ అలవాటు ఊరికే రాలేదు. కొన్నేళ్ళ కిందట అవతలి ప్లీడరు గారు తమ పార్టీ చనిపోయారని మెమో (కోర్టుకి రాసిచ్చే చిన్న కాగితం) వేస్తే నేను డైరీలో “రెస్పాండెంట్ డెడ్, స్టెప్స్” (అంటే వారసుల్ని తెచ్చే పని చూడాలని) అని రాసుకున్నా గానీ చనిపోయిన తేదీ రాసుకోలేదు. మెమో వేసిన రోజు నుంచి లెక్క అనుకున్నా. అప్పటికే 70 రోజులు అయిపోయి ఉన్నాయి. ఆ అప్పీలు ఎలాగో బతికింది గానీ మా పార్టీ పెద్దాయన రెండేళ్ళు అదనంగా తిరిగారు. ఆయన నన్ను ఒక్క మాట అనలేదు, అదే నాకు ఇప్పటికీ బాధ.

కోవిడ్ రోజుల్లో పోయినవాళ్ళ విషయం ఇప్పటికీ కొన్ని పాత అప్పీళ్ళలో బయటపడుతోంది. సుప్రీంకోర్టు 2020 మార్చి 15 నుంచి 2022 ఫిబ్రవరి 28 దాకా ఉన్న కాలాన్ని లిమిటేషన్ లెక్కలోంచి తీసేసింది, ఆ మధ్యలో గడువు ముగిసినవాళ్ళకి 2022 మార్చి 1 నుంచి 90 రోజులు ఇచ్చింది. ఆలస్యం రోజులు లెక్కేసేటప్పుడు ఇది తగ్గించుకోవడం మర్చిపోవద్దు.

మీది ఏ పరిస్థితో తేల్చుకోండి

చావు ఎప్పుడు జరిగింది అన్నదాన్ని బట్టి దారి మారుతుంది. అప్పీలు వెయ్యకముందే, అంటే కింది కోర్టు తీర్పు వచ్చాక మీ మనిషి పోతే, వారసులే అప్పీలుదారులుగా, తీర్పులో తమ పేరు లేదు కాబట్టి అప్పీలు వేసుకోవడానికి అనుమతి ఇమ్మనే పిటిషన్ పెట్టి వేసుకోవాలి. అవతలివాళ్ళలో ఒకరు అప్పటికే పోయారని తెలియక చనిపోయినాయన పేరు మీద అప్పీలు వేసేస్తే అది ఆర్డర్ 22 రూల్ 4 కిందకి రాదు, ఎందుకంటే ఆ రూల్ పెండింగ్‌లో ఉండగా పోయినవాళ్ళకి. అలాంటప్పుడు అప్పీలు మెమోలో (అంటే వేసిన అప్పీలు కాగితంలో) పేరు సవరించి వారసుల్ని పెట్టమని, ఆలస్యం మన్నించమని వేరే సెక్షన్ల కింద అడగాలి. నోటీసు “అడ్రసీ డెడ్” అని తిరిగొచ్చినప్పుడు వెంటనే పిటిషన్ టైప్ చేయించకుండా ముందు అప్పీలు వేసిన తేదీ, చనిపోయిన తేదీ పక్కపక్కన పెట్టి చూడండి.

వాదనలు పూర్తయి తీర్పుకి రిజర్వ్ చేశాక పోతే రూల్ 6 ప్రకారం అబేట్ కాదు, కోర్టు తీర్పు చెప్పొచ్చు.

చనిపోయినాయన వారసుల్లో ఒకరు ముందే అప్పీలులో పార్టీగా ఉన్నారనుకోండి, ఉదాహరణకి తండ్రి ఒకటో అప్పీలుదారు, కొడుకు రెండో అప్పీలుదారు. ఆస్తి తరఫున మాట్లాడే మనిషి రికార్డు మీద ఉన్నాడు కాబట్టి అబేట్ కాదనే కోర్టులు చెప్తూ వచ్చాయి, ఆయన్నే వారసుడిగా నమోదు చెయ్యమని మెమో వేస్తే సరిపోతుంది. అయినా మిగతా వారసులు ఉంటే 90 రోజుల్లోనే అందరినీ తెచ్చే పిటిషన్ వేసెయ్యడం మంచిదని నా ఉద్దేశం, రేపు ఎవరూ వేలు పెట్టి చూపించరు.

రెస్పాండెంట్ కింది కోర్టులో రిటన్ స్టేట్‌మెంటే వెయ్యకుండా ఎక్స్‌పార్టీ (జవాబు వెయ్యక, రాకపోవడంతో ఆయన లేకుండానే కేసు నడవడం) అయిన మనిషైతే, రూల్ 4 లో 4వ సబ్ రూల్ కింద ఆయన వారసుల్ని తేవక్కర్లేకుండా మినహాయింపు అడగొచ్చు. కాకపోతే తీర్పు రాకముందే అడిగి ఆర్డర్ తీసుకోవాలి, తర్వాత అడిగితే పనికిరాదు.

ఇంకొకటి, కొన్ని హక్కులు మనిషితోనే పోతాయి. పరువునష్టం దావా కొట్టేశాక వాది అప్పీలు వేసి చనిపోతే వారసులు దాన్ని నడపలేరు, అదే కింది కోర్టులో డబ్బు డిక్రీ (డబ్బు కట్టమని కోర్టు ఆదేశం) అయ్యుంటే అవతలివాళ్ళు వేసిన అప్పీలులో వారసులు ఆ డిక్రీని కాపాడుకోవచ్చు. పొలం, ఇల్లు, పంపకం, బాకీ, ఇలాంటివన్నీ వారసులకి దిగే హక్కులే, మనకి వచ్చేవి ఎక్కువ ఇవే.

వారసులు ఎవరు – ఒక్కరిని కూడా వదలొద్దు

ఇక్కడ కొంచెం ఆగి రాస్తా, ఎందుకంటే తప్పులు ఎక్కువ జరిగేది ఇక్కడే. హిందూ మగమనిషి వీలునామా రాయకుండా పోతే హిందూ వారసత్వ చట్టం 1956 ప్రకారం మొదటి తరగతి వారసులు అంటే భార్య, కొడుకులు, కూతుళ్ళు, బతికుంటే తల్లి, ముందే పోయిన కొడుకు ఉంటే అతని భార్యా పిల్లలు, ముందే పోయిన కూతురు ఉంటే ఆమె పిల్లలు. తండ్రి ఇందులో లేడు, తల్లి ఉంది, ఈ మాట చెప్తే చాలామంది నమ్మరు. ఆడమనిషి పోతే ముందు కొడుకులు, కూతుళ్ళు, భర్త. పిల్లలు లేకుండా పోతే మాత్రం ఆ ఆస్తి ఆమెకి ఎక్కణ్ణుంచి వచ్చిందో అడగాలి, పుట్టింటి నుంచి వారసత్వంగా వచ్చిందైతే తండ్రి తరఫు వారసులకి వెళ్తుంది. ముస్లింలకి, క్రైస్తవులకి వాళ్ళ వాళ్ళ చట్టాలు ఉన్నాయి, క్రైస్తవులకైతే 1925 నాటి ఇండియన్ సక్సెషన్ యాక్ట్. ఇంట్లో అందరి పేర్లూ, పోయినాయన తల్లిదండ్రులు బతికున్నారో లేదో కూడా చెప్పేస్తే ఎవరు వస్తారో ప్లీడరు గారు చూసుకుంటారు.

పెళ్ళయిన ఆడపిల్లల్ని వదిలెయ్యడం మన దగ్గర పెద్ద జబ్బు. ఒకసారి తెనాలి వైపు నుంచి ఇద్దరు అన్నదమ్ములు వచ్చారు, తండ్రి పోయి రెండు నెలలు. వారసులు ఎవరెవరండీ అంటే అమ్మ, మేమిద్దరం అన్నారు. నేను రాసుకుంటుంటే ప్లాస్టిక్ కవర్లోంచి రేషన్ కార్డు తీశారు, అందులో నాలుగో పేరు మీద పెన్నుతో అడ్డంగా గీత. ఈ పాప ఎవరండీ అన్నా. “మా చెల్లెలండీ, భవానీపురంలో ఇచ్చాం, పెళ్ళికి కట్నం ఇచ్చేశాం కదా, దాంతో అయిపోయింది.” కట్నానికీ వారసత్వానికీ సంబంధం లేదు బాబూ, 1956 నుంచీ కూతురు మొదటి తరగతి వారసురాలే, 1986లో మన రాష్ట్రంలో, 2005లో దేశమంతా వచ్చిన సవరణలు ఉమ్మడి ఆస్తిలో పుట్టుకతో వచ్చే హక్కు గురించి, అవి లేకపోయినా ఆ అమ్మాయి పేరు ఈ పిటిషన్‌లో ఉండాల్సిందే అని చెప్పా. పెద్దాయన మొహం చిట్లించుకున్నాడు. చివరికి అక్కడే కూర్చుని ఫోన్ చేశారు, ఆ అమ్మాయి “సంతకం ఎక్కడ పెట్టాలో చెప్పన్నయ్యా, రేపు బస్సెక్కి వస్తా” అంది. వచ్చింది కూడా. ఆ సంతకం లేకపోతే అవతలివాళ్ళు వారసుల్ని దాచారని కౌంటర్ (అభ్యంతరాలతో జవాబు) వేసేవాళ్ళు, దానికోసమే ఒక ఏడాది పోయేది.

అన్ని ప్రయత్నాలూ చేసి, నిజాయితీగా తెలిసినవాళ్ళని తెచ్చినప్పుడు ఒకరు మిస్సయితే అప్పీలు పోదని సుప్రీంకోర్టు ఎప్పుడో 1960లలోనే చెప్పింది, తెలిశాక వాళ్ళని కూడా చేర్చుకోవచ్చు. కానీ తెలిసి వదిలెయ్యడం వేరు.

మైనర్లు ఉంటే మీ వైపైతే తల్లి గానీ దగ్గరివాళ్ళు గానీ వాళ్ళ తరఫున కేసు నడిపే నెక్స్ట్ ఫ్రెండ్‌గా ఉంటారు. అవతలి వైపు మైనర్లయితే కోర్టు గార్డియన్‌ని నియమించాలి, దానికి ఆర్డర్ 32 కింద వేరే పిటిషన్ పడాలి. ఇది మర్చిపోతే మిగతా అంతా సరిగా ఉన్నా కోర్టు ఆఫీసు రిటర్న్ చేస్తుంది, అంటే లోపం చూపించి వెనక్కి ఇచ్చేస్తుంది.

వారసుల మధ్యే గొడవ ఉంటే? కొందరు అప్పీలు నడుపుతామంటారు, కొందరు సంతకం పెట్టం అంటారు. సంతకం పెట్టినవాళ్ళు పిటిషనర్లుగా, పెట్టనివాళ్ళు రెస్పాండెంట్లుగా ఉంచి వేసెయ్యండి, ఒక్క వారసుడు టైములో వేసినా అప్పీలు నిలబడుతుంది. బతిమాలుకుంటూ 90 రోజులు పోగొట్టుకోవద్దు.

కాగితాలు

డెత్ సర్టిఫికెట్ చనిపోయిన చోట తీసుకోవాలి, ఉన్న ఊళ్ళో కాదు. తాడికొండ మనిషి గుంటూరు ఆసుపత్రిలో పోతే సర్టిఫికెట్ గుంటూరు మున్సిపల్ కార్పొరేషన్ నుంచి వస్తుంది, పంచాయతీ చుట్టూ తిరిగితే నెల పోతుంది. ఇంటి దగ్గర పోయినవాళ్ళకి 21 రోజుల్లోపు చెప్పి నమోదు చేయించాలి, 30 రోజులు దాటితే పై అధికారి అనుమతి, ఏడాది దాటితే మెజిస్ట్రేట్ ఆర్డర్ కావాలి.

తహసీల్దార్ ఇచ్చే ఫ్యామిలీ మెంబర్ సర్టిఫికెట్‌కి సచివాలయంలోనో మీసేవలోనో అప్లై చేసుకోండి. ఉంటే బలం, కానీ అది వచ్చేదాకా పిటిషన్ ఆపొద్దు, దయచేసి ఆపొద్దు. ఫలానావాళ్ళు వారసులు అని ప్రమాణం చేసి అఫిడవిట్ ఇస్తే చాలు, సర్టిఫికెట్ వచ్చాక మెమోతో దాఖలు చేసుకోవచ్చు. సక్సెషన్ సర్టిఫికెట్ కావాలని ఎవరైనా చెప్తే దానికోసం కోర్టులో వేరే పిటిషన్ (ఓపీ) వేసుకుని కూర్చోవద్దు, అది బాకీలూ బ్యాంకు డబ్బులూ వసూలు చేసుకోవడానికి, ఇక్కడ పార్టీ అవ్వడానికి అవసరం లేదు.

అందరి ఆధార్ జిరాక్సులు, వయసు, డోర్ నంబరుతో అడ్రసు, ఆడవాళ్ళకి ఫలానా ఆయన భార్య అని. డెత్ సర్టిఫికెట్‌లో వెంకట సుబ్బయ్య అని ఉండి దావాలో సుబ్బయ్య అని ఉంటే ఇద్దరూ ఒకరే అని అఫిడవిట్‌లో ఒక పేరా పెట్టించండి, కొత్త వకాల్తా (మన తరఫున వాదించమని ప్లీడరుకి ఇచ్చే అధికార పత్రం) మీద అందరి సంతకాలూ తీసుకోండి. పార్టీ చనిపోవడంతో పాత వకాల్తా చెల్లకుండా పోతుంది. మరి ప్లీడరు గారి సంగతేంటంటే, తన పార్టీ చనిపోయాడని కోర్టుకి తెలియజెయ్యడం ప్లీడరు బాధ్యత అని రూల్ 10ఏ చెప్తుంది, ఆ ఒక్క పనికి వకాల్తా బతికున్నట్టే లెక్క.

పోయింది అవతలి మనిషైతే వారసుల పేర్లు మీకెలా తెలుస్తాయి? ఆ రూల్ 10ఏ పట్టుకునే అవతలి ప్లీడరు గారికి ఒక లెటర్ రాయించి, చనిపోయిన తేదీ, వారసుల వివరాలు అడగండి, ఆ లెటర్ కాపీ ఉంచుకోండి. ఊళ్ళో సచివాలయంలో అడగండి, ఓటరు లిస్టు చూడండి. ఈ తిరుగుడంతా ఏ రోజు ఏం చేశారో ఒక కాగితం మీద రాసుకోండి, తర్వాత ఆలస్యానికి కారణం చెప్పాల్సొస్తే అదే మీకు దిక్కు.

ఒక పిటిషనా, మూడు పిటిషన్లా

90 రోజుల్లోపైతే ఒకటే. అప్పీలుదారు పోతే ఆర్డర్ 22 రూల్ 3, 11 కింద, రెస్పాండెంట్ పోతే రూల్ 4, 11 కింద, వారసుల్ని తేవాలని ఐఏ (నడుస్తున్న అప్పీలులో వేసే మధ్యంతర పిటిషన్). 91 నుంచి 150 లోపైతే రెండు, వారసుల్ని తెచ్చేది ఒకటి, అబేట్‌మెంట్ తీసెయ్యమని రూల్ 9 కింద ఒకటి. 150 దాటితే మూడు, ఆ రెండూ ప్లస్ సెక్షన్ 5 పిటిషన్. తెలియక వారసుల పిటిషన్ ఒక్కటే వేసినా దానిలోనే అబేట్‌మెంట్ తీసెయ్యమనే ప్రార్థన కూడా ఉన్నట్టు చూడొచ్చని సుప్రీంకోర్టు 2003లో చెప్పింది, కానీ ఆ తీర్పు చూపించి వాదించుకునే కంటే మూడూ వేసుకోవడం ప్రాణానికి హాయి.

ఆలస్యం రోజుల సంఖ్య పిటిషన్‌లో కచ్చితంగా రాయాలి. పైన చెప్పిన ఉదాహరణే తీసుకుంటే, 2024 సెప్టెంబర్ 18న వేశారనుకోండి, చనిపోయిన తేదీ నుంచి లెక్కేసి 252 రోజులు అని రాస్తారు కొందరు. తప్పు. రూల్ 9 పిటిషన్‌కి గడువు జూన్ 8న ముగిసింది, అక్కడి నుంచి లెక్క, 102 రోజులు. ఒక్క రోజు తేడా ఉన్నా ఆబ్జెక్షన్ వేసి రిటర్న్ చేస్తారు.

ఇక కారణం. “పెద్దదిక్కు పోయిన బాధలో ఉండి, కోర్టు విషయాలు తెలియక” అనే ఒకే వాక్యం అన్ని పిటిషన్లలో చూసి చూసి జడ్జి గార్లకి విసుగొచ్చింది. మీకు నిజంగా జరిగింది తేదీలతో చెప్పండి. ఇలా ఉండాలి అఫిడవిట్‌లో పేరా: “మా తండ్రిగారు ఈ అప్పీలు సంగతులు తామే చూసుకునేవారు, నేను హైదరాబాద్‌లో ఉద్యోగం చేసుకుంటున్నాను, అప్పీలు ఉన్నట్టు నాకు తెలియదు. సెప్టెంబర్ మొదటి వారంలో ఇంటి బీరువా సర్దుతుండగా మా ప్లీడరు గారి పాత ఉత్తరం దొరికింది, దాని మీద కేసు నంబరు చూసి ఫోన్ చేశాను, ఫలానా తేదీన గుంటూరు వచ్చి కాగితాలు ఇచ్చాను, ఆలస్యం కావాలని చేసింది కాదు.” ఆ ఉత్తరం కాపీ జత చెయ్యండి, ఆసుపత్రిలో ఉంటే డిశ్చార్జ్ సమ్మరీ జత చెయ్యండి. లేనిది కల్పించొద్దు, అవతలివాళ్ళు ఊళ్ళోవాళ్ళే, మీరు ఎప్పుడు ఎక్కడున్నారో వాళ్ళకి మీకంటే బాగా తెలుసు.

పోయింది అవతలివాళ్ళయి, ఆ సంగతి మీకు తెలియకపోతే రూల్ 4 లో 5వ సబ్ రూల్ మీకు అండ, తెలియకపోవడం అనే కారణాన్ని కోర్టు తప్పకుండా పరిగణించాలని అందులోనే ఉంది. హైకోర్టులో ఏళ్ళ తరబడి వాయిదా లేకుండా ఉండే అప్పీళ్ళ విషయంలో, రెస్పాండెంట్ బతికున్నాడా లేదా అని రోజూ ఆరా తీస్తుండాలని అప్పీలుదారు నుంచి ఆశించలేం అని సుప్రీంకోర్టు 2008లో పెరుమన్ భగవతి దేవస్వం కేసులో చెప్పింది. నేలపాడులో సెకండ్ అప్పీళ్ళకి (మొదటి అప్పీలు తీర్పు మీద హైకోర్టులో వేసేవి) ఈ తీర్పు చాలా ఉపయోగపడుతుంది. అదే మన జిల్లా కోర్టులో నెలకో వాయిదా పడే అప్పీలులో, పక్క వీధిలో మనిషి పోతే తెలియదంటే మాత్రం నమ్మరు.

వేశాక

ఐఏకి నంబరు పడిందా లేదా మూడు నాలుగు రోజుల్లో కనుక్కోండి. రిటర్న్ అయితే ఇచ్చిన గడువులో సరిచేసి మళ్ళీ వెయ్యాలి, రిటర్న్ అయిన కట్ట ఆఫీసు బీరువాలో పడి ఉండి గడువు దాటిపోతే మళ్ళీ దానికో ఆలస్యం పిటిషన్. కొత్తగా వచ్చే వారసులకి నోటీసు వెళ్ళాలి, వాయిదా లోపు బత్తా (నోటీసు పంపడానికి కోర్టుకి కట్టే ఖర్చు) కట్టాలి, కవర్లూ ఎక్‌నాలెడ్జ్‌మెంట్ కార్డులూ ఇవ్వాలి. బత్తా కట్టక పిటిషన్ కొట్టేయించుకున్నవాళ్ళు ఉన్నారు. వారసులు వేరే వేరే ఊళ్ళలో ఉంటే ఒక్కొక్కరి నోటీసు ఏమైందో ప్రతి వాయిదాకీ బెంచ్ గుమస్తా గారి దగ్గర చూసుకోవాలి.

ఈలోగా ఎవరో వచ్చి పోయినాయన నాకు వీలునామా రాశాడు, నేనే వారసుణ్ణి అన్నాడనుకోండి. అప్పుడు రూల్ 5 వస్తుంది, ఎవరు ప్రతినిధి అన్నది కోర్టే తేల్చాలి. అప్పీలు కోర్టు కావాలంటే సాక్ష్యం తీసి నివేదిక పంపమని కింది కోర్టుకి పంపొచ్చు. ఈ సంగతి తేల్చకుండా అప్పీలు వినెయ్యడం సరికాదని మన రాష్ట్రం నుంచే వెళ్ళిన, సత్యసాయి సెంట్రల్ ట్రస్ట్ పార్టీగా ఉన్న కేసులో సుప్రీంకోర్టు 2008లో చెప్పింది. అయితే ఇక్కడ తేలేది ఈ అప్పీలుని ఎవరు నడపాలన్నది మాత్రమే, వీలునామా నిజమా కాదా, ఆస్తి ఎవరిది అన్నది దీనితో శాశ్వతంగా తేలిపోదు, కాబట్టి ఓడినవాళ్ళు గుండెలు బాదుకోనక్కర్లేదు.

చాలామంది పార్టీల్లో ఒకరు పోతే

“పోయింది నాలుగో రెస్పాండెంట్ కదండీ, మిగతా ఆరుగురు ఉన్నారుగా” అంటారు. ఇది చాలా ప్రమాదం. 1962లో రిపోర్టయిన పంజాబ్ రాష్ట్రం వర్సెస్ నత్తూరామ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పిందేంటంటే, మిగతావాళ్ళ మీద అప్పీలు నెగ్గితే పోయినాయన విషయంలో ఖాయమైపోయిన డిక్రీకీ దీనికీ పొసగకుండా పోతే మొత్తం అప్పీలే నిలవదు. పంపకం దావా తీసుకోండి. ముగ్గురికి తలా ఒక వాటా అని డిక్రీ అయింది, అప్పీలులో ఒక రెస్పాండెంట్ పోయాడు, వారసులు రాలేదు, ఆయన వాటా ఇక కదిలించలేం. మిగతా ఇద్దరి మీద గెలిచి వాటాలు మార్చమంటే ఒకే పొలానికి రెండు రకాల డిక్రీలు అవుతాయి. అదే ఎవరి బాకీ వాళ్ళదిగా విడివిడిగా ఉన్న డబ్బు డిక్రీ అయితే పోయినాయన వరకే పోతుంది. మన వైపు వచ్చే అప్పీళ్ళలో పంపకాలూ ఉమ్మడి హక్కులే ఎక్కువ, కాబట్టి నాలుగో ఆయన పోయినా ఒకటో ఆయన పోయినంత కంగారుగా పరిగెత్తండి.

పిటిషన్ అలౌ అయ్యాక

అలౌ అయిందని స్వీట్లు పంచుకుని ఊరికెళ్ళిపోకండి. ఆర్డర్‌లో ఇచ్చిన తేదీ లోపు అప్పీలు మెమోలో సవరణ చేయించాలి, పార్టీల పేర్లుండే కాజ్ టైటిల్‌లో చనిపోయినాయన పేరు పక్కన “చనిపోయారు” అని, కింద కొత్త నంబర్లతో వారసుల పేర్లు, ఫలానా ఐఏలో ఫలానా తేదీ ఆర్డర్ ప్రకారం చేర్చామని ఎర్ర ఇంకుతో రాసి, ప్లీడరు గారు సంతకం పెట్టి, శుభ్రంగా టైప్ చేసిన నీట్ కాపీ ఇవ్వాలి. స్టే పిటిషన్ లాంటివి పెండింగ్‌లో ఉంటే వాటిలో కూడా పేర్లు మారాలి, ఇది చాలామంది వదిలేస్తారు. వారసులుగా వచ్చినవాళ్ళు పోయినాయన తీసుకున్న వాదననే ముందుకి తీసుకెళ్ళాలి, దానికి విరుద్ధంగా కొత్త హక్కు చెప్పుకుంటామంటే ఇందులో కుదరదు, వేరే దారి చూసుకోవాలి.

తర్వాతి వాయిదాకి కాజ్ లిస్టులోనూ యాప్‌లోనూ కొత్త పేర్లు ఎక్కాయో లేదో సీఎన్ఆర్ నంబరు (ఇ-కోర్ట్స్ లో ప్రతి కేసుకీ ఉండే నంబరు) కొట్టి చూడండి. తీర్పు వచ్చాక సర్టిఫైడ్ కాపీ చేతికొచ్చినప్పుడు కౌంటర్ దగ్గరే నిలబడి తీర్పు, డిక్రీ రెండిట్లో మొదటి పేజీ చదవండి, ప్రతి వారసుడి పేరూ, ఆడపిల్లలతో సహా, ఇంటిపేరు అక్షరం తేడా లేకుండా ఉందా అని. పేరు లేని డిక్రీ పట్టుకుని అమలుకి వెళ్తే అక్కడ మళ్ళీ ఆగిపోతారు, దిద్దించుకోవడానికి మళ్ళీ ఒక పిటిషన్ వెయ్యాలి.